ఊరివాళ్లంటే ఎవరండీ? రేషన్ డీలర్‌షిప్ మీద పాఠకుల ఉత్తరాలు

ఈసారి వచ్చిన ఉత్తరాల్లో గట్టు తగాదాలు తక్కువ, రేషన్ షాపులు ఎక్కువ. ఖాళీలకు నోటిఫికేషన్లు పడుతున్నాయి కాబట్టి కాబోలు. ఎవరు ఎటునుంచి మొదలుపెట్టినా చివరికి ఒక్కచోటికే వస్తున్నారు: ‘అభ్యర్థి స్థానికుడై ఉండాలి’ అంటే ఏమిటని. పౌర సరఫరాల్లో డిప్యూటీ తహసీల్దారుగా రిటైరైనవాణ్ని, ఈ గొడవ నాకు కొత్త కాదు. అందుకని ఈ నెల పేజీలన్నీ దానికే ఇచ్చేశాను. పాసుపుస్తకాల వాళ్లు ఏమీ అనుకోకండి, వచ్చే నెల మీదే.

పాఠకురాలు, పల్నాడు జిల్లా (పేరు వద్దన్నారు): నమస్తే సార్. నాకు పెళ్లయి మూడేళ్లు. అత్తగారి ఊళ్లోనే ఉంటున్నాం. ఇంటర్ పాసయ్యాను. ఇక్కడి షాపు బీసీ మహిళకు రిజర్వయింది. ఆధార్, ఓటు ఇక్కడికి మార్చుకున్నాను గానీ బియ్యం కార్డులో మాత్రం నా పేరు ఇంకా మా అమ్మావాళ్ల దగ్గరే ఉంది. ‘కార్డు పుట్టింట్లో పెట్టుకుని ఈ ఊరి మనిషివి ఎలా అవుతావు’ అని పోటీకి దిగినవాళ్లు అంటున్నారు. అమ్మావాళ్ల ఊళ్లోనూ షాపు ఖాళీగా ఉంది. ఎక్కడ వేయమంటారు? రెండు చోట్లా వేస్తే?

అత్తగారి ఊళ్లో వేయండమ్మా. ఒక్కచోటే వేయండి.

మీరు ఎక్కడ ఉంటున్నారన్నదే ఇక్కడ లెక్క. ఎక్కడ పుట్టారన్నది కాదు, ఏ కార్డు మీద బియ్యం వస్తున్నాయన్నదీ కాదు. బియ్యం కార్డు నివాసానికి ఒక రుజువు, అంతవరకే. అది పాతబడి ఉంటే మిగతా కాగితాలతో సరిచూస్తారు. కార్డుల్లో చేర్పులు మార్పులు చాలాకాలం ఆగిపోయి 2025 మేలో గానీ మళ్లీ మొదలవలేదన్న సంగతి విచారణకొచ్చే వీఆర్వోకీ తెలుసు. అలాగని ఊరుకోకండి. ఇవాళే గ్రామ సచివాలయానికి వెళ్లి పుట్టింటి కార్డులోంచి పేరు తీయించి అత్తింటి కార్డులో చేర్చమని అర్జీ పెట్టండి. ఆ రసీదు దరఖాస్తుకు జతచేయండి. నివాస ధృవీకరణ పత్రానికి కూడా ఈలోపే పెట్టుకోండి. దరఖాస్తుల చివరి తేదీ దాటాక తెచ్చిన కాగితానికి విలువ ఉండదు. నోటిఫికేషన్‌లో వేరే తేదీ ఏదీ చెప్పకపోతే అర్హతలన్నీ ఆ చివరి తేదీ నాటికే చూడాలని ఉద్యోగ నియామకాల కేసుల్లో సుప్రీంకోర్టు చాలాసార్లు చెప్పింది. డీలర్‌షిప్ ఫైళ్లలోనూ మేం ఆ పద్ధతే పాటించేవాళ్లం.

రెండు చోట్లా వేస్తే రెండు దరఖాస్తుల్లోనూ ‘నేను ఇక్కడే ఉంటున్నాను’ అని మీరే సంతకం పెట్టాలి. రెండూ నిజం కావు కదా. పోటీదారుడు చేయాల్సిందల్లా రెండో దరఖాస్తు నకలు తెచ్చి బల్లమీద పెట్టడమే. మంచి కేసు చేజేతులా పాడు చేసుకుంటారు.

మీ ఉత్తరం చదువుతుంటే నేను చేసిన తప్పొకటి గుర్తొచ్చింది. అప్పుడు రెవెన్యూ ఇన్‌స్పెక్టర్ని (ఆర్‌ఐ), 1990ల చివర. ఇలాగే ఒక కోడలు డీలర్‌షిప్‌కి పెట్టుకుంది. విచారణకి పదకొండింటికి వెళ్లాను. ఇంటికి తాళం. రచ్చబండ మీద పెద్దాయన్ని అడిగితే ‘ఆ పిల్లదా? ఆ పిల్లది వినుకొండండీ’ అన్నాడు. పక్కింటావిడదీ అదే మాట. నేనూ పల్లెటూరివాణ్నే. మా అమ్మని పోయేదాకా ‘రేపల్లె కోడలు’ అనే పిలిచారు, ఆవిడ రేపల్లె వదిలి యాభై ఏళ్లయినా సరే. ఆ ముక్క అప్పుడు బుర్రకి తట్టలేదు. తాళం ఉంది, ఇద్దరు సాక్షులు వేరే ఊరన్నారు, ఇంకేం కావాలి? స్థానికురాలు కాదని రాసి పంపేశాను.

ఆవిడ ఊరుకోలేదు. ఆర్డీఓ గారి దగ్గరికి రెండు కాగితాలు పట్టుకొచ్చింది. ఒకటి పిల్లాడి టీకాల కార్డు. రెండోది పాలకేంద్రం పుస్తకం. అట్ట ఊడిపోయి, మూలలు పాల మరకలతో గట్టిపడి అప్పడంలా ఉంది. లోపల పూటపూటకీ లెక్క: పొద్దున రెండున్నర లీటర్లు, సాయంత్రం రెండు, పక్కన వెన్న శాతం. పదిహేను రోజులకోసారి డబ్బు తీసుకున్నట్టు ఆవిడ సంతకం. పుట్టింటికి పురిటికి వెళ్లిన నెలల్లో మాత్రం అక్కడ మొగుడి సంతకం ఉంది. మిగతాదంతా ఆవిడదే. ఆర్డీఓ గారు పేజీలు తిప్పి తిప్పి నావైపు చూసి, ‘వినుకొండలో ఉండి ఈ ఊళ్లో పాలెలా పోసిందయ్యా?’ అన్నారు. నా దగ్గర జవాబు లేదు. తాళం సంగతి అడిగితే, మిరపకోతలకి వెళ్లానంది. జనవరి నెలలో పగలు పదకొండింటికి ఆ ఊళ్లో తాళం లేని ఇల్లు ఎన్నుంటాయో నేనైనా ఆలోచించాల్సింది.

కాబట్టి అమ్మా, తహసీల్దారు ఇచ్చే పత్రంతో పాటు ఇలాంటివి ఏమున్నా దగ్గర పెట్టుకోండి. డ్వాక్రా గ్రూపు పుస్తకం, గ్యాస్ బుక్కు, అంగన్‌వాడీలో పాప పేరు, ఏదైనా సరే. విచారణ రోజున పొలానికి వెళ్లాల్సి వస్తే పక్కింట్లో ఫోన్ నంబరు ఇచ్చి వెళ్లండి. చుట్టుపక్కల వాళ్లకి ఒక మాట చెప్పి ఉంచండి: ‘మాది ఏ ఊరని అడగరు, ఎక్కడుంటున్నామని అడుగుతారు’ అని. ఇక రాతపరీక్షకి చదువుకోండి. ఈ మధ్య ఆంధ్రలో పడ్డ నోటిఫికేషన్లలో రాతపరీక్షకు 80 మార్కులు, ఇంటర్వ్యూకి 20 ఉంటున్నాయి.

పాఠకుడు, ప్రకాశం జిల్లా (ప్రస్తుతం హైదరాబాద్): సార్, మా ఊళ్లో సొంతిల్లు ఉంది. ఓటు, ఆధార్ అక్కడే. నేను గచ్చిబౌలిలో ప్రైవేటు ఉద్యోగం చేస్తున్నా, జీతం 22 వేలు. షాపు వస్తే ఉద్యోగం మానేసి వెళ్లిపోతా. రాకపోతే రెంటికీ చెడ్డ రేవడినవుతానని టెన్షన్. ఉద్యోగంలో ఉంటూనే దరఖాస్తు పెట్టొచ్చా?

మీ భయం అర్థమైంది బాబూ. కానీ కుదరదు.

సొంతిల్లు ఉంది కాబట్టి నివాసి అంటున్నారు. ఓటు ఇచ్చే చట్టమే దాన్ని ఒప్పుకోదు. 1950 నాటి ప్రజాప్రాతినిధ్య చట్టం 20వ సెక్షన్ చూడండి. ఇల్లు ఉన్నంత మాత్రాన ఆ చోట సాధారణ నివాసి అయిపోడని రాసి ఉంది. పనిమీద కొన్నాళ్లు వేరే ఊరు వెళ్లినంత మాత్రాన నివాసం పోదని కూడా అక్కడే ఉంది, దాన్ని మీరు పట్టుకోవచ్చు. కానీ సంక్రాంతికీ ఎన్నికలకీ వచ్చిపోవడాన్ని ‘కొన్నాళ్లు వెళ్లడం’ అనరు. ఆధార్ అయితే మరీ. ఆ నంబరు దానంతట అదే నివాస హక్కుకు రుజువు కాదని ఆధార్ చట్టం 9వ సెక్షనే చెబుతోంది.

అసలు చిక్కు ఇంకోటుంది. దరఖాస్తుతో పాటు నిరుద్యోగినని స్వయంగా రాసి ఇవ్వాలని చాలా నోటిఫికేషన్లలో ఉంటోంది. మీ పీఎఫ్ ఖాతాలో ఆ నెల జమపడ్డ డబ్బు చాలు, ఆ కాగితం అబద్ధమని తేల్చడానికి.

ఒకాయన ఇలాగే పట్నంలో ఉంటూ, విచారణ రోజుకి ఊరొచ్చి, ఇంటిముందు కళ్లాపి చల్లించి, ముగ్గేయించి, కుర్చీలేసి కూర్చున్నాడు. నాతో వచ్చిన తలారి మాట్లాడకుండా పెరట్లోకి వెళ్లొచ్చాడు. ‘పొయ్యిలో బూడిద లేదండి, సాలెగూడుంది’ అన్నాడు. ఇప్పుడు పొయ్యిల్లేవు గానీ కరెంటు బిల్లులున్నాయి. ఇంట్లో మనుషులుంటే నెలకు ఎన్ని యూనిట్లు తిరుగుతుందో లైన్‌మన్‌ని అడిగినా చెబుతాడు.

ఇంకో మాట, మీరు అడక్కపోయినా చెబుతాను. ఇంటింటికీ తిరిగే రేషన్ బళ్లు ఆపేసి 2025 జూన్ 1 నుంచి ఆంధ్రలో మళ్లీ షాపుల్లోనే ఇస్తున్నారు. నెలలో 1 నుంచి 15 దాకా, పొద్దున 8 నుంచి 12, సాయంత్రం 4 నుంచి 8. అరవై అయిదేళ్లు దాటినవాళ్లకీ దివ్యాంగులకీ ఇంటికే తీసుకెళ్లి ఇవ్వాలి. కమీషన్ క్వింటాకు వంద రూపాయలు. నెలకు 80 క్వింటాళ్లు కదిలే షాపయితే చేతికి 8 వేలు. అందులోంచే అద్దె, కరెంటు, బస్తాలు దింపిన హమాలీలకి కూలి. ఊళ్లో ఉంటూ నాలుగు ఎకరాలు చేసుకునేవాడికో, కుట్టుమిషన్ పెట్టుకున్న ఆడమనిషికో ఇది వేడినీళ్లకు చన్నీళ్లు తోడు. 22 వేలు వదులుకుని వచ్చేవాడికి సరిపోదు. అయినా రావాలనే ఉంటే ముందు ఉద్యోగం మానేయండి, రిలీవింగ్ లెటర్ తీసుకుని ఊళ్లో దిగండి, ఆ తర్వాత దరఖాస్తు రాయండి.

పాఠకుడు, జనగామ జిల్లా: సార్, మా ఊరు జనగామ జిల్లా. చదువంతా వరంగల్‌లో హాస్టల్లో ఉండి. స్టడీ సర్టిఫికెట్లన్నీ వరంగల్‌వే. నన్ను నాన్‌లోకల్ అంటారేమోనని మా ఫ్రెండ్స్ భయపెడుతున్నారు.

మీ ఫ్రెండ్స్ గ్రూప్స్‌కి ప్రిపేరవుతున్నట్టున్నారు. ఆ లోకల్ వేరు, ఈ స్థానికత వేరు.

వాళ్లు చెప్పేది రాజ్యాంగం 371-డి కింద వచ్చిన రాష్ట్రపతి ఉత్తర్వుల లెక్క. 1975లో ఉమ్మడి రాష్ట్రానికి ఒకటి వచ్చింది, 2018లో తెలంగాణకు కొత్తది వచ్చింది. అది ప్రభుత్వ ఉద్యోగాలకు. అక్కడ ఏ తరగతి ఎక్కడ చదివారని బోనఫైడ్లు అడుగుతారు. రేషన్ డీలర్ ప్రభుత్వ ఉద్యోగి కాడు. షాపు నడిపే అనుమతి (ఆథరైజేషన్) తీసుకుని కమీషన్ మీద పనిచేసేవాడు. మీరు ఏ బళ్లో చదివారన్నది ఇక్కడ లెక్కలోకి రాదు. పదో తరగతి పాసయ్యారా, వయసు 18–40 మధ్య ఉందా, ఇప్పుడు ఆ ఊళ్లో ఉంటున్నారా అన్నవే చూస్తారు. మీసేవలో నివాస ధృవీకరణ తీసుకోండి. హాస్టల్ నుంచి ఎప్పుడొచ్చారని అడిగితే తారీఖుతో సహా చెప్పండి, దాచడానికేమీ లేదు.

పాఠకుడు, మహబూబాబాద్ జిల్లా: మాది తండా. 2018లో మా తండా వేరే గ్రామపంచాయతీ అయింది. అంతకుముందు పెద్దూరి కింద ఉండేది. మాకు ప్రత్యేకంగా రేషన్ షాపు లేదు, ఇప్పటికీ పెద్దూరి షాపుకే వెళ్తాం. ఆ షాపు ఖాళీ అయింది. మాది వేరే పంచాయతీ కాబట్టి మేము అనర్హులమని పెద్దూరివాళ్లు అంటున్నారు. నిజమేనా?

ఇది మంచి ప్రశ్న. దీనికి జవాబు మీ చేతిలో ఉన్న నోటిఫికేషన్ కాగితంలో ఒక్క పదం మీద ఆధారపడి ఉంది.

పంచాయతీ విడిపోయినంత మాత్రాన రెవెన్యూ గ్రామం విడిపోదు. మీ పొలాల పాసుపుస్తకాల్లో చూడండి, గ్రామం అన్నచోట ఇప్పటికీ పెద్దూరి పేరే ఉండొచ్చు. నోటిఫికేషన్‌లో ‘గ్రామ నివాసి’ అని మాత్రమే ఉంటే, గ్రామం అంటే ఆ షాపు కార్డుదారులంతా ఉండే ప్రాంతం అని వాదించడానికి మీకు గట్టి ఆధారం ఉంది. ఆ షాపు కార్డుదారుల జాబితా, అంటే కీ రిజిస్టర్‌లో మీ తండా కార్డులు ఎన్నున్నాయో తహసీల్ ఆఫీసులో అడిగి రాయించుకోండి. మూడొందల కార్డుల షాపులో సగం కార్డులు మీవే అయినప్పుడు, ఆ సగం మందినీ స్థానికులు కారనడం ఏ అధికారికీ అంత సులువు కాదు. అలా కాక, ‘ఫలానా గ్రామపంచాయతీ పరిధిలో నివాసి’ అని తేటగా రాసి ఉంటే మాత్రం పెద్దూరివాళ్ల మాటకే బలం ఎక్కువ. అప్పుడు దరఖాస్తు పెట్టి పోరాడడం కంటే, తండాకి వేరే షాపు ఇవ్వమని గ్రామసభ తీర్మానంతో ఆర్డీఓకి అర్జీ పెట్టడం మేలు. కార్డులు తక్కువైతే డీలర్‌కి గిట్టదని ఒప్పుకోరు, ముందే చెబుతున్నా. కనీసం నెలలో రెండు రోజులు తండాకే వచ్చి ఇవ్వమనైనా అడగండి.

ఏది చేసినా నోటిఫికేషన్ నకలు తీసుకోకుండా మొదలుపెట్టకండి. నోటీసు బోర్డు మీద చూసి ఫోన్లో ఫొటో తీశామంటారు, సరిగ్గా ఆ లైను మీద ఎవరిదో బొటనవేలి నీడ పడి ఉంటుంది.

రిటైర్డ్ ఉపాధ్యాయుడు, తెనాలి: ఇప్పుడు ఏ కార్డుదారుడైనా ఏ షాపులోనైనా బియ్యం తీసుకోవచ్చు కదా. మరి డీలర్ మాత్రం ఆ ఊళ్లోనే ఉండాలన్న నిబంధన ఎందుకు? పౌరులందరూ సమానమన్న రాజ్యాంగానికి ఇది విరుద్ధం కాదా?

మాస్టారూ, మొదటిది సరిగ్గానే పట్టుకున్నారు. ఒక రాష్ట్రం కార్డుతో ఇంకో రాష్ట్రంలో బియ్యం తీసుకునే ఏర్పాటు 2019 ఆగస్టులో ప్రయోగాత్మకంగా మొదలైనప్పుడు ముందు కలిపిన జంటల్లో మన రెండు తెలుగు రాష్ట్రాలూ ఉన్నాయి. కానీ అది తినేవాడి సౌకర్యం. పనికోసం వలస పోయినవాడి వెంట బియ్యం వెళ్లాలని పెట్టింది. డీలర్ అలా తిరగడానికి వీల్లేదు. అతను ఉన్నచోటే ఉండాలి.

రాజ్యాంగం సంగతి. 16వ అధికరణం ప్రభుత్వ ఉద్యోగాల్లో నివాసాన్ని బట్టి తేడా చూపకూడదంటుంది. ఆ షరతు పెట్టాలన్నా పార్లమెంటే పెట్టాలి. డీలర్‌ది ఉద్యోగం కాదని పైన జనగామ తమ్ముడికి చెప్పాను. ఇక 15వ అధికరణంలో మతం, జాతి, కులం, లింగం, పుట్టినచోటు అని ఉన్నాయి. నివాసం అన్న మాట అక్కడ లేదు. అందుకే ‘ఈ ఊళ్లో పుట్టినవాళ్లకే’ అని ఎవరైనా రాస్తే అది నిలబడదు. ‘ఈ ఊళ్లో ఉంటున్నవాళ్లకే’ అంటే నిలబడుతుంది. పల్నాడు కోడలికి నేనిచ్చిన జవాబుకు కూడా అసలు బలం ఇదే.

నా సొంత అభిప్రాయం అడిగితే, ఈ నిబంధన ఉండాల్సిందే. సర్వర్ పడుకున్న రోజున ఊళ్లో ఉన్న డీలర్ ‘సాయంత్రం ఏడింటికి రా పెద్దమ్మా, లైను తక్కువుంటుంది’ అంటాడు. పట్నం నుంచి బండి మీద వచ్చేవాడు షట్టర్ దించి వెళ్లిపోతాడు. జీవితమంతా వరినాట్లు వేసి వేళ్లు అరిగిపోయిన ముసలమ్మకి మొదటిసారి ముద్ర పడదు. చెయ్యి కడిగించి, తుడిచి, నాలుగోసారి మధ్యవేలు పెట్టించే ఓపిక ఆవిడ ముఖం రోజూ చూసేవాడికే ఉంటుంది. అయితే మాస్టారూ, ఊరివాడే అన్న రూలుతో పాటు ఊరి రాజకీయమూ వస్తుంది. సర్పంచి బావమరిదికో, పార్టీ కార్యకర్తకో షాపు పోవడం నా సర్వీసులో నేను చూడలేదంటే మీరు నమ్మరు, నేనూ చెప్పను. అందుకే 2013 ఆహార భద్రతా చట్టంలో షాపుల లైసెన్సులకు పంచాయతీలు, స్వయం సహాయక సంఘాలు, సహకార సంఘాలకు ప్రాధాన్యం ఇవ్వాలని, నిర్వహణ మహిళల చేతికి ఇవ్వాలని 12వ సెక్షన్‌లో రాశారు. డ్వాక్రా గ్రూపయితే పదిమంది ఉంటారు, ఒకరు నొక్కేస్తే తొమ్మిదిమంది అడుగుతారు.

పాఠకుడు, పశ్చిమ గోదావరి జిల్లా: మా డీలర్ షాపు వచ్చేటప్పుడు ఊళ్లోనే ఉండేవాడు. రెండేళ్ల నుంచి టౌన్‌లో కాపురం. షాపు బావమరిది నడుపుతున్నాడు. దీన్ని అడిగేవాళ్లు లేరా?

ఉన్నారు. కానీ ముందు ఒక విషయం తేల్చుకోండి. డీలర్ టౌన్‌కి ఎందుకు వెళ్లాడు? డయాలిసిస్‌కో, ఇంకో వైద్యానికో అయితే, అధికారులు ఒప్పుకున్న నామినీతో కొంతకాలం నడిపించుకోవచ్చు. బావమరిది ఆ నామినీయేమో చూడండి.

కాదు, లైసెన్సు ఒకరిది, వ్యాపారం ఇంకొకరిది అయితే దాన్ని బినామీ అంటారు. ఆథరైజేషన్ రద్దు చేయడానికి అదొక్కటి చాలు. రుజువు ఎలా అంటారా? ఈపాస్ మిషన్ తెరవాలంటే డీలరో నామినీయో వేలు పెట్టాలి. ఏ రోజు ఏ టైముకి ఎవరి వేలు పడిందో మిషన్ మర్చిపోదు. ఆహార భద్రతా చట్టం 27వ సెక్షన్ ప్రకారం ప్రజాపంపిణీ రికార్డులు జనానికి అందుబాటులో ఉండాలి. రాతపూర్వకంగా తహసీల్దారుకీ ఆర్డీఓకీ ఇవ్వండి, తారీఖులు వేయండి. 1967కి ఫోన్ చేస్తే ఫిర్యాదు నంబరు ఇస్తారు, అది అర్జీ మీద రాయండి. ‘రెండేళ్లుగా’ అని రాస్తే ఎవరూ కదలరు. ‘ఫలానా నెల 3, 4, 7 తేదీల్లో డీలర్ షాపులో లేడు’ అని రాస్తే విచారణకి రాక తప్పదు.

ఆ సీటు మీద మీకే కన్నుంటే మాత్రం ఫిర్యాదు మీ పేరు మీదే పెట్టండి. వేరేవాళ్ల చేత సంతకాలు పెట్టిస్తే మొదటి విచారణలోనే బయటపడుతుంది.

పాఠకురాలు, ఏలూరు జిల్లా: ఊళ్లో ఆరేళ్లుగా అద్దె ఇంట్లో ఉంటున్నాం. సొంతిల్లు లేదు. ఇంటాయన అద్దె కాగితం రాసివ్వనంటున్నాడు. మాకు అర్హత ఉంటుందా?

ఉంటుందమ్మా. సొంతిల్లు ఉండాలని ఎక్కడా లేదు. ఇంటాయన పన్ను భయంతో ఇవ్వనంటున్నాడేమో, ఆయన్ని వదిలేయండి. ఓటరు లిస్టులో ఆ డోర్ నంబరు ఎదురుగా మీ పేరుంటే సగం పని అయిపోయినట్టే. పిల్లలు ఆ ఊరి బళ్లోనే చదువుతుంటే హెడ్మాస్టరు దగ్గర ఒక సర్టిఫికెట్ తీసుకోండి, ఎప్పటినుంచి చదువుతున్నారో అందులో సంవత్సరం వేయించండి. ఈ రెండూ సచివాలయంలో చూపించి నివాస ధృవీకరణకి పెట్టుకోండి. వీఆర్వో ఇంటికొచ్చినప్పుడు అరుగు మీద ఇంటాయన కూడా ఉంటే, మాట మీరు మొదలుపెట్టకండి. ‘వీళ్లు ఎన్నాళ్ల నుంచి ఉంటున్నారండీ’ అని వీఆర్వోనే ఆయన్ని అడగనివ్వండి.